రసీదు లేని అర్జీ

“స్టేషన్‌కు పోయినారా?”

“మూడుసార్లు పోయినాం సార్.”

“అర్జీ ఇచ్చినారా?”

“ఇచ్చినాం. తీసుకున్నారు. చూస్తాం పొమ్మన్నారు.”

“తీసుకున్నట్టు కాగితమేమన్నా ఇచ్చినారా?”

“లేదు సార్.”

రాయలసీమలో కోర్టు ఉన్న ఏ ఊళ్లోనైనా వకీలు బల్ల ముందు ఈ మాటలు ఇంచుమించు ఇలాగే నడుస్తాయి. వెంటపడి వేధించేవాడి మీదో, ఫోన్లో బెదిరించేవాడి మీదో, కట్నం కోసం కాల్చుకు తినే అత్తింటి మీదో పెట్టుకున్న ఫిర్యాదు సగం ఓడిపోయేది ఆ చివరి జవాబు దగ్గరే. పోలీసులు “మేం కేసు కట్టం” అని మొహం మీద చెప్పడం అరుదు. అర్జీ తీసుకుంటారు. అవతలివాణ్ని పిలిపిస్తారు. నాలుగు తిట్టి, ఇకముందు జోలికి పోనని తెల్లకాగితం మీద రాయించుకుంటారు. దాన్ని కౌన్సెలింగ్ అంటారు. అర్జీ రైటర్ బల్ల సొరుగులోకి వెళ్తుంది. వారం తిరక్కముందే వాడు మళ్లీ బడి దారిలో నిలబడతాడు, ఈసారి ‘నామీద స్టేషన్‌కు పోతావా’ అన్న కసితో. రికార్డులో మాత్రం ఏమీ జరగలేదు. ఆమె స్టేషన్ గడప తొక్కినట్టు కూడా ఎక్కడా ఉండదు.

పోలీసులు కదలకపోతే ఏం చేయాలన్న ప్రశ్నకు మన చట్టాల్లో జవాబులు బోలెడున్నాయి. ఎస్పీ ఉన్నారు, మేజిస్ట్రేటు ఉన్నారు, హైకోర్టు ఉంది, కమిషన్లు ఉన్నాయి. అయితే ఈ మెట్లలో ఏది ఎక్కబోయినా ఎదురయ్యే ప్రశ్న ఒకటే: కింది మెట్టు ఎక్కినట్టు రుజువేది? రుజువు చూపాల్సిన భారం బాధితురాలిది. దాన్ని ఇవ్వాల్సింది ఎవరి మీద ఫిర్యాదు చేయాలో ఆ స్టేషనే. ఇప్పుడున్న పరిహారాలన్నిటికీ ఇదే అసలు ముడి.

శంషాబాద్ రాత్రి నేర్పినది

2019 నవంబరు 27 రాత్రి శంషాబాద్ టోల్‌ప్లాజా దగ్గర యువ పశువైద్యురాలు కనిపించకుండా పోయినప్పుడు ఆమె కుటుంబం పోలీసుల దగ్గరికి పరుగెత్తింది. ఇది మా పరిధి కాదు, పక్క స్టేషన్‌కు వెళ్లండన్న జవాబు వచ్చింది. తెల్లవారేసరికి షాద్‌నగర్ దగ్గర ఆమె కాలిన దేహం దొరికింది. ఆ గంటల్లో కదిలి ఉంటే ఆమె బతికేదా అన్నది ఎవరూ తేల్చలేరు. కదలలేదన్నది మాత్రం ప్రభుత్వమే ఒప్పుకుంది. ఫిర్యాదు నమోదులో జాప్యం చేశారని ఒక ఎస్సైని, ఇద్దరు హెడ్ కానిస్టేబుళ్లను సస్పెండ్ చేశారు. వారం తర్వాత, డిసెంబరు 6న, నలుగురు నిందితులు పోలీసు కాల్పుల్లో చనిపోయారు. జనం పూలు చల్లారు. సుప్రీంకోర్టు వేసిన జస్టిస్ సిర్పుర్కర్ కమిషన్ మాత్రం ఆ ఎదురుకాల్పుల కథనాన్ని నమ్మలేదు. పదిమంది పోలీసులపై హత్యానేరం కింద విచారణ జరపాలని సిఫారసు చేసింది. ఆ నివేదిక 2022లో బయటికొచ్చింది.

శంషాబాద్‌ ఘటనకు పదకొండేళ్ల ముందు వరంగల్ కూడా ఇలాంటిదే చూసింది. 2008 డిసెంబరులో ఇద్దరు ఇంజనీరింగ్ విద్యార్థినుల మీద యాసిడ్ పోశారు. వారిలో ఒకరు తర్వాత ఆస్పత్రిలో కన్నుమూశారు. వేధింపుల గురించి ముందే చెప్పినా పోలీసులు పట్టించుకోలేదన్న ఆరోపణ అప్పట్లో గట్టిగా వినిపించింది. మూడు రోజులకే నిందితులు ముగ్గురూ పోలీసు తూటాలకు చనిపోయారు. ఈ రెండు ఘటనల్లో మొదట కాగితం నింపాల్సిన చేయి కదల్లేదు, చివరికి తుపాకీ పట్టిన చేయి కదిలింది. ఆ రెంటి నడుమ ఉండాల్సిన దర్యాప్తు, ఛార్జిషీటు, సాక్ష్యం, తీర్పు కనబడవు. ఫిర్యాదు రాసుకోని వ్యవస్థకు చివర్లో దొరికేది ప్రతీకారమే. న్యాయం చేసే అవకాశం మొదటి రోజే జారిపోయింది.

శంషాబాద్ తర్వాత ఆంధ్రప్రదేశ్ వేగంగానే స్పందించింది. 2019 డిసెంబరు 5న కృష్ణా జిల్లా కంచికచర్ల స్టేషన్‌లో రాష్ట్రంలో తొలి జీరో ఎఫ్ఐఆర్ నమోదైంది. వీరులపాడు స్టేషన్ పరిధిలో బాలుడు తప్పిపోతే, పరిధి మాట ఎత్తకుండా కేసు కట్టారు. అదే నెలలో, ఆ పశువైద్యురాలికి పెట్టిన పేరుతోనే తెచ్చిన దిశ బిల్లును శాసనసభ ఆమోదించింది. ఏడు పనిదినాల్లో దర్యాప్తు, పద్నాలుగు పనిదినాల్లో విచారణ అని అందులో రాసుకున్నారు. దానికి రాష్ట్రపతి ఆమోదం రాలేదు. స్టేషన్లు తెరిచారు, యాప్ తెచ్చారు, ప్రభుత్వం మారాక పేర్లు మారాయి, 2025లో శక్తి యాప్ వచ్చింది. దర్యాప్తుకు గడువులు పెట్టిన ఈ ఉత్సాహమంతటిలో, అర్జీ అందినట్టు ఆ నిమిషానే ఓ చీటీ ఇవ్వాలన్న చిన్న సంగతి మీద పట్టుదల కనిపించలేదు.

రుద్రవరం నుంచి లెక్కేస్తే

పరిహారాల జాబితా పుస్తకంలో చదివితే నిచ్చెనలా కనిపిస్తుంది. నల్లమల అంచున ఉన్న రుద్రవరం మండలంలోని ఒక పల్లె నుంచి చూస్తే అది బస్సు ప్రయాణం. ఒక్కో మెట్టుకు ఒక్కో ఊరు.

మొదటి మెట్టు మండల కేంద్రంలోని స్టేషన్. 2024 జులై 1 నుంచి సీఆర్‌పీసీ స్థానంలో అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 173వ సెక్షన్ ఇక్కడ ఆధారం. నేరం ఎక్కడ జరిగినా ఏ స్టేషన్‌లోనైనా చెప్పవచ్చు. నోటితో చెబితే పోలీసులే రాసుకుని చదివి వినిపించాలి. వెంటపడటం, లైంగిక వేధింపుల వంటి ఫిర్యాదులను మహిళా అధికారే నమోదు చేయాలి. ఎఫ్ఐఆర్ ప్రతి ఉచితంగా ఇవ్వాలి. వీటన్నిటికంటే విలువైనది, జనానికి పెద్దగా తెలియనిది మరొకటుంది: ఫిర్యాదును ఎలక్ట్రానిక్ పద్ధతిలో పంపవచ్చు. మూడు రోజుల్లో వెళ్లి సంతకం చేస్తే చాలు. ఈమెయిల్ పంపితే తేదీ, సమయం దాని నెత్తినే ఉంటాయి. రైటర్ ఇవ్వని రసీదు ఫోనే ఇస్తుంది.

కేసు కట్టడం స్టేషన్ దయ కాదని 2013 నవంబరు 12న సుప్రీంకోర్టు ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం లలితా కుమారి తీర్పులో తేల్చింది. కూతురు ఎత్తుకుపోబడిందని ఓ తండ్రి ఉత్తరప్రదేశ్‌లో పోలీసుల చుట్టూ తిరిగి విసిగి వేసిన కేసది. చెప్పిన సంగతిలో పోలీసులు స్వయంగా దర్యాప్తు చేయదగిన నేరం కనిపిస్తే ఎఫ్ఐఆర్ కట్టి తీరాలి. అది నిజమా కాదా అన్నది తర్వాతి దర్యాప్తు తేలుస్తుంది. దాంపత్య తగాదాలు, వ్యాపార లావాదేవీల వంటి కొన్నిటిలో మాత్రం ముందస్తు విచారణకు కోర్టు చోటిచ్చింది.

కొత్త చట్టం ఆ చోటును వెడల్పు చేసింది. మూడేళ్ల నుంచి ఏడేళ్ల లోపు శిక్ష పడే నేరాల్లో డీఎస్పీ అనుమతితో పద్నాలుగు రోజుల ప్రాథమిక విచారణ జరపవచ్చంది. ఆడపిల్ల వెంటపడటానికి మొదటిసారి గరిష్ఠ శిక్ష మూడేళ్లు. అంటే అది ఈ గాట్లోకే వస్తుంది. కాబట్టి “విచారిస్తున్నాం” అన్న మాట విన్నవాళ్లు అడగాల్సిన ప్రశ్నలు రెండున్నాయి. డీఎస్పీ అనుమతి తీసుకున్నారా? ఏ తేదీ నుంచి పద్నాలుగు రోజులు? అనుమతి లేని విచారణ చట్టం చెప్పిన విచారణ కాదు, కాలయాపన. “ఇది మేం కేసు కట్టే నేరం కాదు” అన్నా స్టేషన్ చేతులు దులుపుకోలేదు. 174వ సెక్షన్ ప్రకారం సారాంశాన్ని పుస్తకంలో ఎక్కించి, ఫిర్యాదుదారును మేజిస్ట్రేటు దగ్గరికి పంపాలి.

రెండో మెట్టు జిల్లా కేంద్రం నంద్యాల. స్టేషన్ కేసు కట్టకపోతే అర్జీ సారాంశాన్ని రాతపూర్వకంగా, తపాలాలో ఎస్పీకి పంపాలని 173(4) చెబుతోంది. 2022 ఏప్రిల్ 4న నంద్యాల జిల్లా ఏర్పడక ముందైతే ఈ మెట్టు కర్నూలులో ఉండేది. ఇప్పుడు నంద్యాల వెళ్లి సోమవారం ప్రజా సమస్యల పరిష్కార వేదికలో అర్జీ ఇచ్చి రావచ్చు. అక్కడ నమోదు సంఖ్య ఇస్తారు, మంచిదే. అంతటితో ఆగకూడదు. ‘173(4) కింద సమర్పించడమైనది’ అన్న వాక్యం ఆ అర్జీలో ఉండాలి, అదే ప్రతిని స్పీడ్ పోస్టులో కూడా పంపాలి. తపాలా రసీదు, అందినట్టు వచ్చే సమాచారం కలిపి దాచుకోవాలి. రేపు కోర్టు అడిగేది ఆ చిన్న కాగితాన్నే.

మూడో మెట్టు ఆళ్లగడ్డ వంటి ఊళ్లలో ఉండే మేజిస్ట్రేటు కోర్టు. 175(3) కింద దర్యాప్తు జరపమని పోలీసులను ఆదేశించే అధికారం మేజిస్ట్రేటుది. ఆ దర్యాప్తు సవ్యంగా సాగుతోందో లేదో కనిపెట్టే అధికారం కూడా ఉందని 2007లో సకిరి వాసు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2015లో ప్రియాంకా శ్రీవాస్తవ కేసులో మరో మాట చేర్చింది: ముందు స్టేషన్‌కు, తర్వాత ఎస్పీకి వెళ్లినట్టు ఆధారాలు జతచేసి, ప్రమాణపత్రం దాఖలు చేయాలి. కొత్త చట్టం దీన్నే తనలో కలుపుకుంది, ఇంకో అడుగు ముందుకేసి పోలీసు అధికారి చెప్పేది కూడా మేజిస్ట్రేటు పరిశీలించాలంది. ఈ మార్పులు ఆషామాషీ అర్జీలను వడగట్టడానికని 2025 జనవరిలో ఓం ప్రకాశ్ అంబాడ్కర్ తీర్పులో సుప్రీంకోర్టు వివరించింది. వడగట్టడం తప్పు కాదు. అయితే ఆ జల్లెడలోంచి రాలిపోయేది అబద్ధాలకోరు ఒక్కడే కాదు. రసీదు అడగడం తెలియని పల్లెటూరి తల్లి కూడా రాలిపోతుంది.

నాలుగోది, పోలీసుల ఊసే లేకుండా నేరుగా మేజిస్ట్రేటుకు ఫిర్యాదు చేయడం. జనం ప్రైవేటు కేసు అనేది ఇదే, 223వ సెక్షన్. ఇందులో సాక్షులను తెచ్చుకోవాల్సింది ఫిర్యాదుదారే. ఫోన్ కాల్ వివరాలు, సీసీ కెమెరా దృశ్యాలు సేకరించే యంత్రాంగం ఆమె చేతిలో ఉండదు. పైగా కేసును విచారణకు స్వీకరించే ముందే నిందితుడి మాట వినాలని కొత్త చట్టం షరతు పెట్టింది. నిందితుడు ఊళ్లోనే ఉన్న చోట ఇది రాయబారాలకు, బెదిరింపులకు తలుపు తెరుస్తుంది.

ఇక ఆఖరిది అమరావతిలోని హైకోర్టు. 226వ అధికరణం కింద రిట్ వేయవచ్చు. కింది మెట్లన్నీ ఎక్కి రమ్మనే మాట అక్కడ తరచూ ఎదురవుతుంది. సకిరి వాసు తీర్పు చెప్పిందీ అదే. నల్లమల అంచు నుంచి కృష్ణా తీరానికి వెళ్లి వకీలును పెట్టుకోగలిగేది ఎందరు?

పక్కదారులూ ఉన్నాయి

కొన్ని వేధింపులకు స్టేషన్ గుమ్మం తొక్కనక్కరలేని దారులున్నాయి. ఇంట్లో హింసకు 2005 నాటి గృహహింస చట్టం కింద నేరుగా మేజిస్ట్రేటును అడగవచ్చు. మొదటి వాయిదా మామూలుగా మూడు రోజుల్లో పడాలి. పనిచేసే చోట లైంగికంగా వేధిస్తే 2013 చట్టం కింద ఆ సంస్థ అంతర్గత కమిటీకి, పదిమంది లోపు పనిచేసే చోటైతే జిల్లాలోని స్థానిక కమిటీకి మూడు నెలల్లో ఫిర్యాదు ఇవ్వాలి. కొట్లాటకు దిగేలా ఉన్నవాణ్ని కార్యనిర్వాహక మేజిస్ట్రేటు హోదాలో తహసీల్దారు బైండోవర్ చేయవచ్చు. ఇది పల్లెల్లో బాగా తెలిసిన మందు. వకీలుకు డబ్బుల్లేవని ఆగాల్సిన పని లేదు. ఆడవాళ్లకు, పిల్లలకు, ఎస్సీ ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయ సహాయం 1987 చట్టమిచ్చిన హక్కు. 15100కు ఫోన్ చేస్తే న్యాయసేవా సంస్థ పలుకుతుంది.

వేధించేది పోలీసులే అయితే? ఆ గాయం నంద్యాలకు కొత్తది కాదు. 2020 నవంబరులో దొంగతనం కేసులో పోలీసుల వేధింపులు తట్టుకోలేకపోతున్నామని వీడియో తీసి, ఓ ఆటో డ్రైవరు భార్యాపిల్లలతో సహా పాణ్యం మండలం కౌలూరు దగ్గర రైలు కింద పడి చనిపోయాడు. ఒక సీఐ, ఒక హెడ్ కానిస్టేబుల్ అరెస్టయ్యారు. ఆ కుటుంబం తన ఫిర్యాదును ఫోన్ కెమెరాకు చెప్పుకుంది. దాన్ని రాసుకునే చోటు ఎక్కడా ఉందని వారికి అనిపించలేదు. పోలీసులపై ఫిర్యాదులు వినడానికి రాష్ట్ర స్థాయిలో, జిల్లా స్థాయిలో ప్రాధికార సంస్థలు పెట్టాలని 2006 సెప్టెంబరులోనే ప్రకాశ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఆదేశించింది. జిల్లా ప్రజలు వెళ్లి తలుపు తట్టగలిగేంతగా అవి ఇంకా పాదుకోలేదు. ప్రస్తుతానికి దగ్గర్లో ఉన్నది 2021లో కర్నూలులో కార్యాలయం తెరిచిన రాష్ట్ర మానవ హక్కుల కమిషన్. ఘటన జరిగిన ఏడాది లోపు వెళ్లాలి. అది చేయగలిగింది సిఫారసే.

చట్టంలోనే ఒక చిల్లు

కేసు కట్టని పోలీసుకు శిక్ష లేదా? ఉంది. నిర్భయ ఘటన తర్వాత 2013లో ఐపీసీలో 166ఏ సెక్షన్ చేర్చారు. ఇప్పుడది భారతీయ న్యాయ సంహితలో 199. కొన్ని నేరాల మీద వచ్చిన సమాచారాన్ని నమోదు చేయని ప్రభుత్వోద్యోగికి ఆరు నెలలకు తగ్గకుండా రెండేళ్ల దాకా కఠిన కారాగారం. ఆ నేరాల జాబితాలో అత్యాచారం ఉంది, యాసిడ్ దాడి ఉంది, బలప్రయోగంతో మానభంగ యత్నం ఉంది, రహస్యంగా చిత్రీకరించడం ఉంది. లైంగిక వేధింపుల 75వ సెక్షన్ లేదు. వెంటపడటానికి సంబంధించిన 78 లేదు.

ఇది చిన్న లోపం కాదు. వెంటపడటం అనేది తర్వాత జరగబోయే ఘోరానికి ముందు మోగే గంట. యాసిడ్ పోశాక కేసు కట్టని పోలీసుకు జైలు, పోస్తానని నెలల తరబడి వెంటపడినప్పుడు కట్టని పోలీసుకు ఈ సెక్షన్ కింద ఏమీ లేదు. నివారించగలిగిన దశలో చట్టం మౌనంగా ఉంది. ఇంకో విచిత్రం చూడండి. ఇవే 75, 78 సెక్షన్ల ఫిర్యాదులను మహిళా అధికారే రాసుకోవాలని ఒక చట్టం శ్రద్ధగా చెబుతుంది. అసలు రాసుకోకపోవడాన్ని మాత్రం దాని జంట చట్టం తన శిక్షల జాబితాలో చేర్చకుండా వదిలేస్తుంది. ఎస్సీ ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టంలోని 4వ సెక్షన్ ఇంతకంటే నయం. ఆ చట్టం కింద ఫిర్యాదు నమోదులో కావాలని అలక్ష్యం చేసిన అధికారికి ఆరు నెలల నుంచి ఏడాది దాకా శిక్ష రాసింది. పోక్సో చట్టం కూడా నమోదు చేయకపోవడాన్ని నేరంగానే చూసింది. 199లో 75, 78 అన్న రెండు అంకెలు చేర్చడానికి పార్లమెంటుకు పట్టేది ఒక్క సవరణ.

పోలీసుల మాట

పోలీసుల వాదననూ పక్కన పెట్టలేం. ఊళ్లలో పొలం గట్టు తగాదా కూడా ఆడవాళ్ల పేరుతో వేధింపుల అర్జీగా మారి వస్తుందని, పార్టీ కక్షలకు స్టేషన్‌ను వాడుకుంటారని వారంటారు. కక్షల చరిత్ర ఉన్న సీమలో ఇది కొట్టిపారేయదగ్గ మాట కాదు. కేసు కట్టగానే అవతలివాడి జీవితం పాడవుతుందన్న జంకూ ఉంది. దీనికి విరుగుడు అర్జీని సొరుగులో పెట్టడం కాదు. ఎఫ్ఐఆర్ అంటే అరెస్టు కాదని 2014లో అర్నేశ్ కుమార్ తీర్పు స్పష్టం చేసింది. ఏడేళ్ల లోపు శిక్ష ఉన్న నేరాల్లో ముందు నోటీసు ఇవ్వాలి, అరెస్టు చేయాలంటే కారణాలు రాయాలి. ఫిర్యాదు అబద్ధమని దర్యాప్తులో తేలితే కేసు మూసేయవచ్చు, అబద్ధం చెప్పినవారి మీద కేసు పెట్టడానికీ సెక్షన్లున్నాయి. నిజానిజాలు తేల్చడానికైనా ముందు కాగితం ఉండాలి కదా. రసీదు అమాయకుడైన నిందితుడికీ రక్షణే. ఫలానా రోజు ఏ మాట చెప్పారో అందులో నిలిచిపోతుంది, తర్వాత కథ పెరగడానికి వీలుండదు.

కాబట్టి రాష్ట్ర ప్రభుత్వం ఢిల్లీ వైపు చూడకుండా తన చేతిలో ఉన్న పని చేయాలి. స్టేషన్‌కు వచ్చే ప్రతి అర్జీకీ, అది కేసయినా కాకపోయినా, అక్కడికక్కడే కంప్యూటర్ సంఖ్యతో రసీదు ఇవ్వాలని డీజీపీ ఒక ఉత్తర్వుతో అమలు చేయించగలరు. కౌన్సెలింగ్ చేసి పంపితే ఆ మాట, తేదీ, ఇద్దరి సంతకాలు ఆ సంఖ్య కింద ఎక్కాలి. రెండోసారి అదే మనిషి మీద అర్జీ వస్తే కౌన్సెలింగ్ తలుపు మూసుకోవాలి. ప్రాథమిక విచారణకు డీఎస్పీ ఇచ్చిన అనుమతి కాగితం నకలు ఫిర్యాదుదారుకు అందాలి. స్టేషన్లలో సీసీ కెమెరాలు పెట్టి దృశ్యాలను పద్దెనిమిది నెలలు దాచాలని 2020 డిసెంబరులో పరమ్‌వీర్ సింగ్ సైనీ కేసులో సుప్రీంకోర్టు ఆదేశించింది. “ఆమె మా దగ్గరికి రానే లేదు” అని స్టేషన్ అన్నప్పుడు ఆ దృశ్యాలే సాక్ష్యం. వాటిని అడిగి తీసుకునే పద్ధతి సామాన్యుడికి తెలిసేలా గోడ మీద రాసి పెట్టాలి.

2025 ఆగస్టు 15 నుంచి రాష్ట్రంలో ఆడవాళ్లు పల్లెవెలుగు బస్సు ఎక్కితే ఛార్జీ లేదు. అయినా కండక్టరు సున్నా టికెట్ కొట్టి చేతిలో పెడతాడు. డబ్బు తీసుకోనప్పుడు టికెట్ ఎందుకని ఎవరూ అడగరు. ఆ మనిషి ఆ రోజు ఆ బస్సు ఎక్కిందని ప్రభుత్వానికి లెక్క కావాలి, లెక్కను బట్టి ఆర్టీసీకి డబ్బు రావాలి. రుద్రవరం దగ్గరి పల్లె నుంచి ఎస్పీని కలవడానికి బయల్దేరిన తల్లి చేతిలో వెళ్లేటప్పుడో టికెట్, వచ్చేటప్పుడో టికెట్ ఉంటాయి. ఆమె ప్రయాణానికి ప్రభుత్వం దగ్గర లెక్క ఉంది. ఆ ప్రయాణం ఎందుకు చేయాల్సి వచ్చిందో చెప్పే కాగితం, మొదటి స్టేషన్‌లో ఆమె అందుకోవాల్సిన ఆ ఒక్క కాగితం మాత్రం ఆమె దగ్గర లేదు.